సంగీత దర్శకుడు ఘంటసాల

ఘంటసాల వెంకటేశ్వరరావు (1922 డిసెంబరు 4 – 1974 ఫిబ్రవరి 11) తెలుగు సినిమా నేపథ్య గాయకుడు, సంగీత దర్శకుడు. గాయకుడిగా ఆయన కీర్తి ఎంత పెద్దదంటే, ఆయన కట్టిన వరుసలు దాని చాటున పడిపోయాయి. పాతాళభైరవి, గుండమ్మ కథ, లవకుశ పాటలు కంఠతా వచ్చినవాళ్ళలో కూడా చాలామందికి వాటి సంగీత దర్శకుడు ఆయనేనన్న సంగతి చప్పున గుర్తుకు రాదు. సంగీత కళాశాలలో పద్ధతిగా చదువుకుని, డిప్లొమా చేతబట్టుకుని సినిమాకు వచ్చి, వంద దాకా చిత్రాలకు సంగీతం కూర్చిన విద్వాంసుడు ఆయన. ఆ చదువే ఆయన పనితనానికి పునాది.

బాల్యం, విద్య

కృష్ణా జిల్లా గుడివాడ ప్రాంతంలోని చౌటపల్లిలో పుట్టారు. తండ్రి సూరయ్య మృదంగం వాయిస్తూ నారాయణతీర్థుల తరంగాలు పాడేవారు. ఆ తరంగాలకు అడుగులు వేస్తూ ఆడిన కొడుకును ఊళ్ళోవాళ్ళు 'బాల భరతుడు' అని ముద్దుగా పిలిచేవారు. ఘంటసాలకు పదకొండేళ్ళ వయసులో తండ్రి పోయారు. కొడుకు సంగీతం నేర్చుకోవాలన్నది ఆయన చివరి కోరిక. తల్లి రత్తమ్మకు, పిల్లలకు మేనమామ ర్యాలి పిచ్చిరామయ్య అండగా నిలిచారు. కానీ సంగీతం చెప్పించే స్తోమత ఇంట్లో లేదు. చివరికి ఘంటసాల తన వేలి ఉంగరం అమ్మి, ఆ డబ్బుతో రైలెక్కి విజయనగరం చేరారు.

అక్కడి మహారాజా సంగీత కళాశాలను 1919లో విజయరామ గజపతి స్థాపించారు. తొలి అధ్యక్షుడు హరికథా పితామహుడు ఆదిభట్ల నారాయణదాసు. 1936 నుంచి ఆ పదవిలో ఉన్నది వయొలిన్ విద్వాంసుడు ద్వారం వేంకటస్వామి నాయుడు. ఘంటసాల వెళ్ళేసరికి కళాశాలకు సెలవులు. కుర్రవాడి పరిస్థితి చూసి, తెరిచేదాకా ఆవరణలోనే ఉండడానికి ద్వారం వారు అనుమతించారు. తిండికి మాత్రం దారి లేదు. భుజాన జోలె వేసుకుని ఇంటింటా మధుకరం ఎత్తుకుని చదువుకున్నారు. తర్వాతి రోజుల్లో ఆ సంగతి ఆయన ఎవరి దగ్గరా దాచుకోలేదు.

అసలు గురువు పట్రాయని సీతారామశాస్త్రి. సాలూరు చిన గురువుగారని ఆయనకు పేరు. శిష్యుణ్ణి ఇంటికి పిలిపించుకుని, పైసా తీసుకోకుండా పాఠం చెప్పారు. గురువుగారు స్వయంగా కృతులు రాసి, స్వరపరిచి, పాడిన మనిషి. మాటనూ స్వరాన్నీ కలిపి ఆలోచించే అలవాటు శిష్యుడికి అక్కడే అబ్బిందని గట్టిగా అనిపిస్తుంది. పట్రాయని వారి కుమారుడు సంగీతరావు తర్వాత మద్రాసులో ఏళ్ళ తరబడి ఘంటసాల దగ్గర సహాయకుడిగా పనిచేశారు. గురువు ఇంటితో ఆ బంధం ఆయన జీవితాంతం తెగలేదు.

డిప్లొమా పుచ్చుకుని సొంత ప్రాంతానికి తిరిగి వచ్చాక కచేరీలు చేశారు, నాటకాలాడారు. 1942లో క్విట్ ఇండియా ఉద్యమంలో పాల్గొని, 18 నెలల శిక్ష పడి అలీపురం జైలుకు వెళ్ళారు. 1944 మార్చిలో సావిత్రితో పెళ్ళయింది. అత్తవారి ఊరు పెదపులివర్రులోనే సినీ రచయిత సముద్రాల రాఘవాచార్యతో పరిచయం కలిగింది. ఘంటసాల పాట విన్న సముద్రాల, మద్రాసుకు రమ్మన్నారు.

మద్రాసులో తొలి రోజులు

సీతారామ జననం (1944) చిత్రంలో బృందగానంలో గొంతు కలపడంతో సినిమా పని మొదలైంది. బి.ఎన్. రెడ్డి తీసిన స్వర్గసీమ (1945)లో భానుమతితో పాడే అవకాశం వచ్చింది. దానికి సంగీతం చిత్తూరు నాగయ్య. గాలి పెంచల నరసింహారావు, సి.ఆర్. సుబ్బరామన్ లాంటి వారి దగ్గర సహాయకుడిగా పనిచేస్తూ సినిమా సంగీతం మెలకువలు పట్టుకున్నారు. బాలరాజు (1948)కు వాళ్ళిద్దరితో పాటు ఆయనా సంగీతం సమకూర్చారు. అక్కినేని నాగేశ్వరరావుకు ఘంటసాల గొంతు అతికిందీ ఆ చిత్రంతోనే.

సినిమా సంగీతం కచేరీ విద్వాంసుడికి కొరుకుడు పడని పని. కచేరీలో రాగాన్ని అరగంట సాగదీసి, మనోధర్మం కొద్దీ పెంచుకుంటూ పోవచ్చు. సినిమాలో ఉన్నది మూడు నాలుగు నిమిషాలు. హార్మోనియం ముందు కూర్చుని వరుస కడుతుంటే పక్కన కవి, దర్శకుడు, నిర్మాత ఉంటారు. ముగ్గురికీ నచ్చాలి. ఇక అప్పట్లో రికార్డింగు నాడు గాయకులూ వాద్యబృందమూ ఒకేసారి పాడి, వాయించాల్సి వచ్చేది. ఒక్కరు తప్పినా మొత్తం మళ్ళీ మొదటి నుంచి. ఇన్ని కట్టుబాట్ల మధ్య రాగం ముఖం చెడకుండా నిలబెట్టడం గట్టి చదువున్నవాడికే సాధ్యం. చదువును ప్రదర్శనకు పెట్టకుండా దాచుకోవడం అంతకన్నా కష్టం. ఘంటసాలకు రెండూ చేతనయ్యాయి.

1949లో స్వతంత్ర సంగీత దర్శకుడిగా కీలుగుర్రం, మనదేశం చిత్రాలు వచ్చాయి. రెండోది ఎన్.టి. రామారావుకు తొలి చిత్రం. కర్ణాటక సంగీతం నేర్చిన మలయాళ గాయని పి. లీలను తెలుగుకు తెచ్చిందీ ఘంటసాలే.

విజయా వారి చిత్రాలు

విజయా సంస్థ తొలి చిత్రం షావుకారు (1950) నుంచి పాతాళభైరవి (1951), పెళ్ళి చేసి చూడు (1952), చంద్రహారం (1954), మాయాబజార్ (1957), గుండమ్మ కథ (1962) దాకా అక్కడి చాలా చిత్రాలకు ఆయనే సంగీత దర్శకుడు. రచయిత పింగళి నాగేంద్రరావు మాటలోని చమత్కారం, ఘంటసాల వరుసలోని సుళువు బాగా కలిశాయి. పాతాళభైరవిలో తోటరాముడికీ రాకుమారికీ కట్టిన యుగళగీతం హిందుస్తానీ రాగేశ్రీ ఛాయలతో నడుస్తుంది. ఆ రాగం పేరు వినని పల్లెల్లో కూడా ఆ పాట కూనిరాగమైంది. హిందుస్తానీ అంటే ఆయనకు ప్రాణం. ఉస్తాద్ బడే గులాం అలీ ఖాన్ మద్రాసు వచ్చినప్పుడు ఘంటసాల ఇంట్లోనే బస చేశారు.

మాయాబజార్‌కు మొదట సాలూరి రాజేశ్వరరావు పనిచేశారు. ఆయన నాలుగు పాటలకు వరుసలిచ్చి తప్పుకున్నాక మిగతా భారం ఘంటసాల మీద పడింది. వెన్నెల రాత్రి పడవ పాట వరుస రాజేశ్వరరావుదే. దాన్ని వాద్యాలతో తీర్చిదిద్ది రికార్డు చేసింది ఘంటసాల. ఒకరు మొదలుపెట్టిన పనిని మరొకరు అందుకున్నారన్న అతుకు ఆ చిత్రంలో ఎక్కడా కనిపించదు. సాటి విద్వాంసుడి వరుసకు ఆయన ఇచ్చిన గౌరవం అది.

ఆ చిత్రంలో మాయా శశిరేఖ పెళ్ళి పాట జాగ్రత్తగా వినదగ్గది. తెర మీద నటి సావిత్రి, శశిరేఖ వేషంలో ఉన్న ఘటోత్కచుడు. గాయని పి. సుశీల గొంతు కన్నెపిల్ల సంబరంతో సాగుతుంటుంది. ఉత్సాహం పట్టలేక లోపలి రాక్షసుడు బయటపడే చోట ఒక్కసారిగా ఘంటసాల మగ గొంతు దూకుతుంది. అంతలోనే సర్దుకుని మళ్ళీ ఆడ గొంతు. లయ తప్పదు, శ్రుతి చెదరదు, నవ్వు మాత్రం ఆగదు. హాస్యాన్ని మాటల్లో కాకుండా స్వరంలో పుట్టించిన పాట ఇది. అదే చిత్రంలో ఎస్.వి. రంగారావు ఘటోత్కచుడికి పాడే గొంతుగా మాధవపెద్ది సత్యాన్ని నిలిపారు. పాట ఎవరి గొంతుకు చెందుతుందో వాళ్ళకే ఇవ్వడం ఆయన నియమం. ఆ సంయమనం ఉన్న గాయకులు అరుదు.

పద్యం

పద్యానికి ఆయన చేసిన మేలు తెలుగులో మరే సంగీత దర్శకుడూ చేయలేదు. అంతకు ముందు పద్యం రంగస్థలానిది. నటుడు హార్మోనియం శ్రుతి మీద రాగాలాపన చేసి, జనం 'వన్స్ మోర్' అంటే మళ్ళీ అందుకుని, చివరి అక్షరాన్ని ఊపిరి ఉన్నంతసేపు లాగేవాడు. ఆ పద్ధతిలో గాత్రం మెరిసేది కానీ కవి చెప్పిన మాట సగం వినపడేది కాదు. ఘంటసాల ఆలాపనను బాగా కుదించారు. పాదం విరగాల్సిన చోట కాక అర్థం విరిగే చోట ఊపిరి తీసుకున్నారు. రాగాన్ని పాత్ర మనసును బట్టి ఎంచుకున్నారు. కోపంలో ఉన్న భీముడి పద్యానికీ రాయబారం వెళ్ళే కృష్ణుడి పద్యానికీ తేడా మొదటి రెండు మాటల్లోనే తెలిసిపోయేది. ఛందస్సు తెలియని శ్రోతకు కూడా పద్యం నేరుగా అర్థమైంది.

ఈ పద్ధతి సినిమా బయటా పనికొచ్చింది. 'కరుణశ్రీ' జంధ్యాల పాపయ్యశాస్త్రి రాసిన 'పుష్పవిలాపం' పద్యాలను ఆయన స్వరపరచి గ్రామఫోను రికార్డుగా ఇచ్చారు. పద్యానికీ పద్యానికీ నడుమ నాలుగు మాటలు వచనంగా పలికి, వినేవాణ్ణి చెయ్యి పట్టుకుని తీసుకుపోయారు. కరుణశ్రీ పేరు తెలుగు ఇళ్ళలోకి చేరడంలో ఆ రికార్డుకు పెద్ద వాటా ఉంది.

లవకుశ, రహస్యం

రంగుల్లో వచ్చిన తొలి పూర్తి నిడివి తెలుగు చిత్రం లవకుశ (1963). సి. పుల్లయ్య మొదలుపెట్టగా కుమారుడు సి.ఎస్. రావు పూర్తి చేశారు. పాటలు, పద్యాలు కలిపి ముప్పైకి పైగా ఉన్నాయి. ఇన్నింటిని ఒకే చిత్రంలో విసుగు రాకుండా నడపడం మామూలు సంగతి కాదు. కుశలవులకు లీల, సుశీల జంటగా పాడారు. సుశీలదీ విజయనగరం సంగీత కళాశాల చదువే. పిల్లలు రామకథ చెప్పే పాటలకు ఆయన వాడినవి చిన్న చిన్న పలుకుబళ్ళు. భజన బృందాలు ఒకటి రెండు సార్లు విని పట్టుకోగలిగేంత సూటిగా ఉంటాయి. ఇవాళ్టికీ శ్రీరామనవమి పందిళ్ళలో మైకు పెట్టగానే మొదట వినిపించేవి అవే.

రహస్యం (1967) లవకుశ తీసిన సంస్థదే. దర్శకుడు కూచిపూడి నాట్యంలో ఆరితేరిన వేదాంతం రాఘవయ్య. అందులోని 'గిరిజా కళ్యాణం' యక్షగానం మల్లాది రామకృష్ణశాస్త్రి రచన. దరువు నుంచి దరువుకు రాగం మారుతూ, నడక మారుతూ కూచిపూడి సంప్రదాయం చెడకుండా సాగుతుంది. సినిమా ఆడలేదు, సంగీతం నిలిచింది. ఘంటసాల విద్వత్తు నిండుగా కనిపించేది ఇక్కడే. ఆయనను గాయకుడిగా మాత్రమే ఎరిగినవారు తప్పక వినవలసినది ఇది.

ఇతరుల సంగీతంలోనూ ఈ చదువే ఆయనను గట్టెక్కించింది. జగదేకవీరుని కథ (1961)లో పెండ్యాల నాగేశ్వరరావు దర్బారీ కానడలో కట్టిన 'శివశంకరీ' శాస్త్రీయ శిక్షణ లేని గొంతుకు లొంగేది కాదు. శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం (1960)లో స్వామి సన్నిధిలో పాడే గాయకుడిగా ఆయనే తెర మీద కనిపించారు. ఆ చిత్రానికీ సంగీతం పెండ్యాలదే.

చిత్ర నిర్మాణంలోనూ చేయి పెట్టి పరోపకారం, సొంతవూరు, భక్త రఘునాథ్ తీశారు. డబ్బు మాత్రం మిగల్లేదు.

చివరి సంవత్సరాలు

1970లో పద్మశ్రీ వచ్చింది. 1971లో యూరప్, అమెరికాల్లో కచేరీలు చేశారు. అప్పటికే మధుమేహం, గుండె జబ్బు పీడిస్తున్నాయి. ఆ స్థితిలోనే భగవద్గీత శ్లోకాలను ఎంచుకుని, తెలుగు తాత్పర్యంతో సహా స్వరపరచి పాడారు. ఆ రికార్డు ఆయన పోయాకే బయటికి వచ్చింది. 1974 ఫిబ్రవరి 11న మద్రాసులో, 51 ఏళ్ళ వయసులో కన్నుమూశారు.

ఆయన దగ్గర పనిచేసిన జె.వి. రాఘవులు సంగీత దర్శకుడిగా జీవన తరంగాలు (1973) వంటి చిత్రాలతో పేరు తెచ్చుకున్నారు. పట్రాయని సంగీతరావు వెంపటి చినసత్యం కూచిపూడి నృత్యనాటకాలకు సంగీతం కూర్చారు. 2003లో భారత తపాలా శాఖ ఘంటసాల బొమ్మతో బిళ్ళ విడుదల చేసింది. విజయవాడలోని ప్రభుత్వ సంగీత నృత్య కళాశాల ఆయన పేరుతోనే నడుస్తోంది.