ఎనిమిది గంటల బుసాన్

ఉదయం ఎనిమిదింటికి ఓడ దిగి, సాయంత్రం చీకటి పడకముందే తిరిగి ఎక్కవలసిన యాత్రికుడికి ఒక నగరం చరిత్రలో ఎంత కనబడుతుంది? కొరియా ఆగ్నేయ తీరాన ఉన్న బుసాన్ రేవులో దిగే క్రూయిజ్ ప్రయాణికుల విషయంలో ఈ ప్రశ్నకు నాకు తోచిన జవాబు కొంచెం విచిత్రమైనది. ఎంత కనబడేదీ అతను ఎక్కిన బండి కొలతను బట్టి ఉంటుంది.

ఓడ కంపెనీ ఏర్పాటు చేసే పెద్ద బస్సులో నలభైమంది పడతారు. వెడల్పైన రోడ్డు, విశాలమైన పార్కింగు ఉన్న చోటికే ఆ బస్సు వెళ్ళగలదు. కనుక సముద్రపు రాళ్ళమీద కట్టిన హేదొంగ్ యొంగ్‌గుంగ్సా ఆలయం, హేఉందే బీచి, జగల్చి చేపల బజారు, వీలైతే రంగురంగుల ఇళ్ళ గామ్‌చొన్. నేను వీటిని చిన్నచూపు చూడటం లేదు. ఆ ఆలయాన్ని 1376లో నఒంగ్ అనే భిక్షువు స్థాపించాడని ప్రతీతి. నఒంగ్ గురువులలో ఒకరు ధ్యానభద్రుడనే భారతీయుడు. కొరియన్లు ఆయనను జిగొంగ్ అంటారు. మనవంటివారికి ఇంత ఆసక్తికరమైన సంగతి నలభైమంది బస్సులో చెప్పే తీరిక ఏ గైడుకు ఉంటుంది? అందరినీ దింపి, లెక్కపెట్టి, తిరిగి ఎక్కించేటప్పటికే గంట గడిచిపోతుంది.

ఇక ఎనిమిది పదిమందిని వ్యానులో తిప్పే చిన్న బృందాల యాత్రలు వేరు. వీటిని నడిపేది స్థానికులు. ఓడతో వారికి ఒప్పందం ఉండదు కనుక ఆలస్యమైతే ఓడ ఆగదు, గైడు కన్ను ఎప్పుడూ గడియారం మీదనే. ఆ చిక్కు ఉన్నా, వ్యాను కొండసందుల్లోకి పోగలదు. బుసాన్ చరిత్రలో మనసును పట్టుకునే భాగమంతా ఆ సందుల్లోనే ఉంది.

విశాఖ చూసినవారికి బుసాన్ రూపురేఖలు ఊహించుకోవడం సులభం. కొండలు సముద్రం దాకా దిగివస్తాయి, చదును నేల తక్కువ. ఊరి పేరులోనే కొండ ఉంది: 'బు' అంటే వంటకాగు, 'సాన్' అంటే కొండ. పాత ఇంగ్లీషు పుస్తకాల్లో కనిపించే 'పూసాన్' ఇదే. 2000లో కొరియా ప్రభుత్వం లిప్యంతరీకరణ పద్ధతి మార్చాక బుసాన్ అయింది.

1592లో జపాను సేనలు కొరియా మీదికి వచ్చినప్పుడు మొదట దిగింది ఇక్కడే. బుసాన్ కోటను కాపాడుతూ జొంగ్ బల్, ఆ మర్నాడు దొంగ్నే కోటలో సొంగ్ సంగ్‌హ్యన్ ప్రాణాలు విడిచారు. (దొంగ్నే అన్న పేరు తెలుగు చెవికి ఎలా సోకినా, అందులో దొంగతనమేమీ లేదు.) దిగిన ఇరవై రోజులకే రాజధాని సోల్ పడిపోయింది. అంత వేగానికి ఒక కారణం దారులు ముందే తెలిసి ఉండటం. అంతకుముందు జపాను రాయబారులు రాజదర్శనానికి నడిచిన బాటలలోనే ఇప్పుడు సేనలు నడిచాయి. యుద్ధం 1598లో ముగిసి, కొన్నేళ్ళకు సంధి కుదిరి, వర్తకం తిరిగి మొదలైనా జోసన్ రాజ్యం ఆ సంగతి మరువలేదు. ఇకమీదట వచ్చినవారు బుసాన్‌లోనే ఆగిపోవాలి.

అలా వచ్చింది వేగ్వాన్, అంటే జపనీయుల విడిది. 1678లో ఇప్పటి యొంగ్దూసాన్ గుట్ట చుట్టూ కట్టిన విడిది సుమారు ఎనభై ఎకరాలు. నాగసాకిలో డచ్చివారిని ఉంచిన దెజిమా ద్వీపం నాలుగెకరాలైనా లేదని గుర్తు చేసుకుంటే దీని విస్తీర్ణం అర్థమవుతుంది. నాలుగైదు వందలమంది త్సుషిమా ద్వీపవాసులు ఇక్కడ ఉండేవారు, అందరూ పురుషులే. జపాను వెండి, రాగి ఇటు వచ్చేవి. కొరియా జిన్సెంగ్, చైనా పట్టు అటు వెళ్ళేవి. నెలకు ఆరుసార్లు పెద్ద సంత. రోజూ ఉదయం గేటు బయట చేపలు, కూరగాయల చిన్న బజారు. మన మచిలీపట్నంలో డచ్చి, ఇంగ్లీషు వర్తకుల కొఠీలు ఇటువంటివే కదా అనిపించవచ్చు. మచిలీపట్నంలో వచ్చినవారు ఊరంతా తిరిగి నేతగాళ్ళకు బయానాలిచ్చారు. బుసాన్‌లో తాళంచెవి చివరిదాకా ఇంటివాడి దగ్గరే ఉంది.

1683లో ఇరుపక్షాలవారు ఒప్పుకున్న నియమాలను రాతిమీద చెక్కించారు. హద్దు దాటి బయటికి వస్తే మరణదండన. చాటుమాటు అప్పు ఇచ్చినవాడికీ పుచ్చుకున్నవాడికీ అదే శిక్ష. సంతరోజున గదుల్లో దూరి రహస్యంగా బేరమాడితే అదే. అయిదు రోజులకొకసారి సామగ్రి తెచ్చి ఇచ్చే కొరియా చిరుద్యోగులను జపనీయులు ఈడ్చి కొట్టరాదు. దండన అమలు జరిగేది వేగ్వాన్ గేటు బయట. ఆ నాలుగో నియమం చదివినప్పుడు నాకు నవ్వు, జాలి రెండూ కలిగాయి. కొట్టడం జరగకపోతే 'కొట్టరాదు' అని రాతిమీద ఎవరూ చెక్కించరు. ఇంత కఠినమైన హద్దుకూ ఒక సడలింపు ఉండేది: కొన్ని పర్వదినాలలో పాత విడిది దగ్గర ఉన్న తమవారి సమాధులను చూసి రావడానికి జపనీయులను బయటికి పంపేవారు.

ఇలా రెండు వందల ఏళ్ళు నడిచిన ఏర్పాటు 1876లో కూలింది. జపాను యుద్ధనౌకల బెదిరింపుతో జరిగిన గంగ్హ్వా ఒడంబడిక బుసాన్ రేవు తెరిపించింది. విడిది నేల జపనీయుల సొంత వాడ అయింది. 1905లో సోల్ నుంచి రైలూ, షిమొనొసెకి నుంచి ఓడా ఇక్కడ కలిశాయి. 1910లో దేశమే పోయింది. ఆ కాలమంతా ఒకే కట్టడంలో చూడదలచినవారికి గుట్ట దగ్గరలోనే చరిత్ర మ్యూజియంగా మారిన పాత భవనం ఉంది. 1929లో కొరియా రైతుల భూములను మింగిన ఓరియెంటల్ డెవలప్‌మెంట్ కంపెనీ శాఖగా కట్టారు. జపనీయులు వెళ్ళాక అమెరికా సాంస్కృతిక కేంద్రమైంది. 1982లో, సైనిక పాలనను అమెరికా బలపరచిందన్న కోపంతో విద్యార్థులు దానికి నిప్పు పెట్టారు. 1999లో కొరియాకు తిరిగి దక్కి, 2003లో మ్యూజియం అయింది. పెద్ద బస్సు దానిముందునుంచే పోతుంది, ఆగదు.

యొంగ్దూసాన్ గుట్టమీద అందరూ ఆగుతారు, 1973లో కట్టిన నూట ఇరవై మీటర్ల టవరు ఉంది కనుక. ఎస్కలేటరు ఎక్కి, ఫోటో తీసుకుని దిగిపోతారు. కాలి కింద వేగ్వాన్ ఉందనీ, దానిమీద జపాను షింటో మందిరం వెలిసి పోయిందనీ, ఆ తరువాత గుట్టంతా శరణార్థుల గుడిసెలతో నిండిందనీ చిన్న బృందంలోనైతే చెప్పించుకోవచ్చు. యుద్ధంలో సోల్ నుంచి భద్రంగా తెచ్చి దాచిన జోసన్ రాజుల చిత్రపటాలు, యుద్ధం ముగిశాక, 1954 డిసెంబరులో ఇక్కడ గుడిసెలకు అంటుకున్న మంటలో చాలావరకు బూడిదయ్యాయి. రాజు చొల్‌జొంగ్ పటం సగం కాలి మిగిలింది. సోల్‌లో ఆ సగం పటాన్ని చూసినవారు దానికి బుసాన్ కొండ గుడిసెలతో సంబంధం ఉందని ఊహించలేరు.

1950 జూన్‌లో యుద్ధం మొదలయ్యాక ఉత్తర సేనల చేతికి చిక్కకుండా మిగిలిన కొద్దిపాటి నేలలో బుసాన్ ఉంది. ఆ ఆగస్టులో ఒకసారి, 1951 జనవరినుంచి 1953 ఆగస్టుదాకా మరొకసారి దక్షిణ కొరియాకు తాత్కాలిక రాజధాని అయింది. 1949లో నాలుగు లక్షల డెబ్భై వేలున్న జనాభా 1955 నాటికి పది లక్షలు దాటింది. 1950 డిసెంబరులో హుంగ్నమ్ రేవునుంచి మెరెడిత్ విక్టరీ అనే సరుకుల ఓడ పద్నాలుగు వేలమంది శరణార్థులను ఎక్కించుకుని బుసాన్ చేరితే, ఊరు నిండిపోయింది, దింపవద్దన్నారు. ఆ ఓడ గొజే ద్వీపానికి పోయింది. ఇప్పుడు మూడు నాలుగు వేలమందితో వచ్చే విహారనౌకలకు తప్పెట్లతో స్వాగతం పలికే రేవు అదే!

చోటు దొరికినవారు ఎక్కడ ఉన్నారు? జపానుకు ఎగుమతి చేసే పశువులను పరీక్షకోసం నిలిపిన ఉఆమ్‌దొంగ్ కొట్టాలను పంచుకుని కొందరు. అమిదొంగ్ కొండమీద జపనీయుల శ్మశానంలో కొందరు. ('దొంగ్' అంటే పేట.) 1945లో జపనీయులు తమ మృతులను వదిలి వెళ్ళిపోయారు. సమాధుల చుట్టూ ఉన్న నలుచదరపు రాతి గట్లు గుడిసెకు తయారైన పునాదులు. శిలాఫలకాలు మెట్లయ్యాయి, గోడలయ్యాయి, తరువాత గ్యాసు సిలిండర్ల కింద పీటలయ్యాయి. పేర్లు, తేదీలు ఇప్పటికీ కనిపిస్తాయి. 2022లో బుసాన్ నగరం ఇక్కడి శరణార్థుల నివాసాన్ని తన మొట్టమొదటి నమోదిత వారసత్వంగా ప్రకటించింది. 2023లో యునెస్కో తాత్కాలిక జాబితాలో చేరిన యుద్ధకాల రాజధాని స్థలాలలో ఇదీ ఒకటి.

2024లో నేను ఎక్కిన వ్యానులో గైడుతో కలిపి తొమ్మిదిమందిమి. అమిదొంగ్‌లో ఆవిడ మమ్మల్ని దింపేముందు గొంతు తగ్గించుకోమనీ, కిటికీలలోకి కెమెరా పెట్టవద్దనీ చెప్పారు. ఒక ఇంటి గోడ అడుగున ఫలకాన్ని చూపించి, పండుగరోజున తమ పెద్దలకు పెట్టేటప్పుడు ఈ ముక్కూముఖం తెలియని జపనీయులకు కూడా గిన్నెడు అన్నం, నీళ్ళు పెట్టే ఇళ్ళున్నాయని అన్నారు. తమ దేశాన్ని ముప్పై అయిదేళ్ళు ఏలినవారి సమాధులవి. మహాలయ పక్షంలో దిక్కులేనివారికీ తిలోదకాలు వదిలే ఆచారం తెలిసినవాళ్ళం కనుక ఈ పని మనకు కొత్తగా తోచదు. మాతో వచ్చిన ఆస్ట్రేలియా దంపతులు మాత్రం ఆ ఫలకం ముందు చాలాసేపు నిలబడిపోయారు.

అయితే ఒక ప్రశ్న నన్ను వదలలేదు. అక్కడ ఉంటున్నది వృద్ధులు, ఎక్కువమంది పేదలు. వారి గడపలు మనకు చూడదగ్గ స్థలమా? పక్కనే ఉన్న గామ్‌చొన్‌లో 2009 నుంచి గోడలకు రంగులు, బొమ్మలు వచ్చాయి. ఊరు బాగుపడిందన్నవారూ, ఇంట్లో మనశ్శాంతి పోయిందన్నవారూ ఇద్దరూ ఉన్నారు. తొమ్మిదిమంది మెల్లగా నడిస్తే సందు భరిస్తుంది. ఒకే రోజున ఇరవై వ్యానులు వస్తే? చిన్న బృందం మంచిదని నేను నమ్ముతున్నాను, కానీ అటువంటివి వంద కలిస్తే పెద్ద బస్సులకన్నా నయమేమీ కాదు.

ఈ చిన్న యాత్రల వెనుక వ్యాపార చరిత్ర కూడా ఉంది. 2016 దాకా కొరియా రేవులను నింపింది చైనా ఓడలు. టూరు దాదాపు ఉచితం. ఖర్చు డ్యూటీఫ్రీ దుకాణాలు ఇచ్చే కమీషన్లలో రాబట్టుకునేవారు, అందుకే బస్సు చరిత్ర దగ్గరకన్నా దుకాణం దగ్గర ఎక్కువసేపు ఆగేది. అమెరికా క్షిపణి నిరోధక వ్యవస్థ వివాదంతో 2017 మార్చిలో చైనా బృందయాత్రలను ఆపింది. జేజు ద్వీపంలో ఒక ఓడ ఆగితే మూడువేల నాలుగువందలమంది చైనా యాత్రికులు నేలమీద కాలు పెట్టనన్నారు. తరువాత 2020లో కోవిడ్. 2023 మార్చిలో ఓడలు తిరిగి వచ్చాయి, ఆ ఆగస్టులో చైనా నిషేధమూ తొలగింది. మధ్యలో దెబ్బతిన్నది ఒకే దేశంనుంచి వచ్చే బస్సులను నమ్ముకున్నవారు. నలుగురైదుగురిగా వచ్చే యాత్రికులను కోరుకోవడం మొదలుపెట్టింది ఆ దెబ్బ తరువాతనే అని నా అభిప్రాయం.

మనవారు వెళితే దెయొన్‌దొంగ్‌లోని ఐక్యరాజ్యసమితి స్మారక శ్మశానానికి ఒక గంట కేటాయించాలని నా మనవి. 1951లో ఏర్పడినప్పుడు, తరువాత మూడేళ్ళలో, ఇక్కడ పదకొండు వేలమంది దాకా ఖననమయ్యారు. చాలామంది అవశేషాలను వారి దేశాలు తీసుకుపోయాక మిగిలింది రెండువేల మూడువందల చిల్లర. బ్రిటిషువారివి అందరికన్నా ఎక్కువ, తరువాత టర్కీవారివి. 2007 నుంచి ప్రతి నవంబరు 11న ఉదయం పదకొండింటికి ఇటు తిరిగి మౌనం పాటిస్తారు.

భారతదేశం ఆ యుద్ధానికి సైనికులను కాక వైద్యులను పంపింది. లెఫ్టినెంట్ కల్నల్ ఎ.జి. రంగరాజ్ నాయకత్వాన అరవయ్యవ పారాచూట్ ఫీల్డ్ అంబులెన్స్, మూడు వందలమందికి పైగా, 1950 నవంబరు 20న బుసాన్ రేవులోనే దిగింది. కొద్దిరోజులకు ప్యంగ్‌యాంగ్‌నుంచి సేనలు వెనక్కి తగ్గినప్పుడు తమ మందులూ పరికరాలూ వదలలేక, ఒక పాత రైలింజను పట్టుకుని తామే నడుపుకుంటూ దక్షిణానికి వచ్చారు. ఆ రంగరాజ్‌కు మహావీర చక్ర లభించింది.

శ్మశానంనుంచి నడిచిపోయేంత దగ్గరలోనే బుసాన్ మ్యూజియం ఉంది. 1683 నాటి ఆ నియమాల రాయి అక్కడిదే, కొట్టరాదన్న నాలుగో నియమంతో సహా. మీ ఓడ సోమవారం ఆగితే మాత్రం మ్యూజియం మూసి ఉంటుంది.