కౌంటరు వేయని ప్రతివాది: రంప నుంచి మా తాత ఫైలు దాకా

పోస్టు కొంచెం పెద్దది, ఓపిక చేసుకుని చదవండి.

"కౌంటరు" అనే మాట నేను బడిలో చేరకముందే విన్నాను. మా తాత 1/70 కింద భూమి కోసం కేసు పెట్టుకున్నాడు. ప్రతి వాయిదాకీ అవతలి వాళ్లు కౌంటరు వేయడానికి టైము అడిగేవాళ్లంట. తాత బస్సు చార్జీలు పెట్టుకుని వెళ్లి, ఇంకో తేదీ రాయించుకుని వచ్చేవాడు. ఈలోపు ఆ పొలంలో పంట ఎవరు కోసుకున్నారో మీకు చెప్పక్కర్లేదు.

డిగ్రీలో హిస్టరీ తీసుకున్నాక రంప గురించి చదివాను. 1879 మార్చిలో మొదలైన పితూరీకి కారణాలంటే చిగురుపన్ను, కల్లు మీద ఆంక్షలు, మన్సబ్‌దారు అన్యాయాలు, పోలీసుల దౌర్జన్యం అని రాసి మార్కులు తెచ్చుకుంటాం. ఇంకో కారణం ఉంది. మైదానం వర్తకులు కొండోళ్లతో అన్యాయమైన ఒప్పందాలు చేసుకునేవాళ్లు. మాట తప్పారని దావా వేసి, ఎక్స్‌పార్టే డిక్రీ తెచ్చుకుని, దొరికిన ఆస్తినల్లా జప్తు చేసేవాళ్లు. ఇది మనవాళ్లు కోపంతో చెప్పిన మాట కాదు, తెల్లదొరల కాలంలో అచ్చయిన గోదావరి జిల్లా గెజిటీర్‌లోనే ఉంది. ఎక్స్‌పార్టే అంటే ప్రతివాది రాలేదు, జవాబు చెప్పలేదు కాబట్టి ఒకవైపు మాట విని ఇచ్చే తీర్పు. కోర్టు ఎక్కడో కింద, కాగితం మీదున్నది రాని భాష. ఇంక జవాబు ఎలా వేస్తారు?

అప్పుడు జవాబు వేయలేక మనం పోగొట్టుకున్నాం. మా తాత కేసులో మాత్రం జవాబు వేయకుండానే వాళ్లు అనుభవించారు. నన్ను ఆపేసింది ఇదే.

సివిల్ ప్రొసీజర్ కోడ్ 1908లో వచ్చింది. ప్రతివాది జవాబు దావా ఎన్ని రోజుల్లో వేయాలో అందులో లెక్క లేదు, అంతా జడ్జిగారి ఇష్టం. దావాలు ఏళ్ల తరబడి సాగుతున్నాయని 1999లో సవరణ చేసి 30 రోజులే అన్నారు. లాయర్లు గట్టిగా వ్యతిరేకించారు. 2002లో మళ్లీ సవరించి, కారణం రాసి 90 రోజుల దాకా ఇవ్వొచ్చన్నారు. 2002 జూలై 1 నుంచి అది అమలు. మూడేళ్లకే, 2005లో, కైలాష్ వర్సెస్ నన్కూ కేసులో సుప్రీంకోర్టు ఈ గడువు తప్పనిసరి కాదంది. అరుదైన సందర్భాల్లో, కారణాలు రాసి, 90 దాటినా తీసుకోవచ్చంది. కింద ఆ "అరుదైన" అనే మాట ఎంత అరుదుగా గుర్తుంటుందో వాయిదాలు తిరిగినోళ్లని అడగండి.

పెద్ద వ్యాపారుల తగాదాలకి మాత్రం 2015లో కమర్షియల్ కోర్టుల చట్టం తెచ్చారు. అక్కడ 120 రోజులు దాటితే జవాబు వేసే హక్కే పోతుంది. 2019లో సుప్రీంకోర్టు కూడా అది ఖరారు చేసింది. కంపెనీ డబ్బుకి తలుపు మూసే గడువు ఉంది, మామూలు భూమి దావాకి లేదు.

మొదట 2005 తీర్పు మీద నాకు బాగా కోపం వచ్చింది. తర్వాత రంప గుర్తొచ్చింది. 90వ రోజున తలుపు మూసేస్తే ముందు బయట మిగిలిపోయేది సమను చదవలేని మనిషే కదా! అందుకే రోజులు లెక్కపెడితే చాలదు అనిపిస్తోంది. సమను నిజంగా చేతికి అందిందా, ఆలస్యం జరిగినన్నాళ్లు భూమి ఎవరి కింద ఉంది, ఈ రెండూ చూడాలి. భూమి చేతిలో ఉన్నవాడికి ప్రతి వాయిదా ఒక పంట.

ఇంకొకటి, ఆ కోడ్ మొదటి సెక్షన్‌లోనే తూర్పు గోదావరి, పశ్చిమ గోదావరి, విశాఖపట్నం ఏజెన్సీల పేర్లున్నాయి. అక్కడ అమల్లో ఉన్న ప్రత్యేక నిబంధనలకి భంగం లేకుండానే కోడ్ వర్తిస్తుందని. లా చదివే సీనియర్లు దీని మీద రాస్తే బాగుంటుంది.

తాత ఫైలు ఇప్పుడు హాస్టల్లో నా ట్రంకు పెట్టెలో ఉంది. కౌంటరు కోసమే పడిన వాయిదాలన్నీ ఒక నోటుబుక్కులో విడిగా ఎక్కిస్తున్నా. ఇంకా సగం కాలేదు.