డోర్నకల్ పెద్దగుడి

మన మరిపెడకు తూర్పుగా కొంత దూరము పోయినచో డోర్నకల్ జంక్షను వచ్చును. ఒకనాడు వరంగల్ జిల్లాలోనిదైన ఆ ఊరు 2016 నుండి, మన మరిపెడవలెనే, మహబూబాబాద్ జిల్లాలో చేరినది. రైలు మారుటకై అక్కడ గంటలకొలది కూర్చుండియు, ఊరిలోని ఎపిఫనీ దేవాలయమును చూడక మరలినవారు మనలో పెక్కుమంది కలరు. వారికొరకే యీ నాలుగు మాటలు.

ఐరోపా ఉత్తరదేశములలో పల్లె చర్చిలను కొయ్యతో కట్టుట ఆచారము. ఫిన్లండులోని పెతాయవేసి గ్రామమున లూథరన్ రైతులు 1763-65లో పైన్ దుంగలతో కట్టుకొన్న చర్చి నేటికిని నిలిచియున్నది. 1994లో అది ప్రపంచ వారసత్వ కట్టడముగా గుర్తింపబడెను. నగరములలోని రాతి చర్చిల కమానుకప్పును ఆ పల్లె వడ్రంగులు కొయ్యలో దించిరి. మన ఆంధ్రదేశమునకును లూథరన్ బోధకుడు హయ్యరు 1842లో గుంటూరు చేరెను గాని, కొయ్యగోడల పద్ధతి ఇక్కడ నడచునది కాదు. మన వానలకు నిలిచినను చెదలకు నిలువవు! డోర్నకల్ గుడి లూథరనులది కాదు, ఆంగ్లికన్ సంఘమువారిది. అయినను తమకు తెలిసిన రూపములను తమకు దొరకిన సరుకుతో కట్టుకొనుటలో ఈ రెంటికిని చుట్టరికము కలదు.

దీనిని కట్టించినవాడు వేదనాయగం సామ్యూల్ అజరయ్య. ఆయన 1874లో తిరునల్వేలి సీమలోని వెల్లాలన్‌విలైలో ఒక గ్రామ గురువు కుమారుడై పుట్టెను. 1903లో తిరునల్వేలి క్రైస్తవులు తమ ధనముతో, తమ మనుష్యులతో నడుపు మిషనరీ సంఘమును స్థాపించిరి. ఆ పనిమీదనే అజరయ్య 1909లో డోర్నకల్ చేరి, తెలుగు నేర్చెను. 1910లో ఎడింబరో మహాసభలో తెల్లదొరల యెదుటనే, మీరు ధనమును, ప్రాణములను ఇచ్చితిరి గాని మాకు స్నేహము కావలెనని చెప్పిన ధైర్యశాలి ఆయన. 1912 డిసెంబరు 29న కలకత్తాలో బిషప్పుగా అభిషిక్తుడయ్యెను. ఆంగ్లికన్ సంఘమున ఆ పదవి పొందిన మొదటి భారతీయుడు ఆయనయే. ఒక భారతీయుని చేతిక్రింద పనిచేయుటకు ఇష్టపడని మిషనరీలును అప్పుడు లేకపోలేదు.

గుడి ప్రతిష్ఠ 1939 జనవరి 6న జరిగెను. అది తూర్పుదేశపు జ్ఞానులు శిశువైన యేసును దర్శించిన పండుగదినము. గుడి పేరును అదియే. అజరయ్య బిషప్పై అప్పటికి ఇరువదియారేండ్లు గడచినవి. దూరమునుండి చూచువారికి గుమ్మటములు, మీనారులు మసీదును తలపించును. లోనికి పోయినచో దేవాలయ మండపమునందలివంటి రాతి స్తంభములు; వాటిపై తామర, అరటిపువ్వు చెక్కడములు. అరటి గెలవేసి తాను చచ్చి పిలకలకు ప్రాణమిచ్చునని మన రైతులెరుగుదురు. క్రీస్తు మరణమును బోధించుటకు ఇంతకంటె దగ్గరి ఉపమానము మన పెరటిలో మరియొకటి దొరకునా? ఆంగ్ల దేశపు కోసుగోపురమును తెచ్చి నిలిపినచో ఊరికి అది ఎప్పటికిని పరాయి కట్టడముగానే మిగిలియుండెడిది.

ఈ స్తంభముల మధ్య కూర్చున్నవారెవరో తలచినప్పుడు విషయము గాఢమగును. డోర్నకల్ మండలపు క్రైస్తవులలో అత్యధికులు మాల, మాదిగ పల్లెలవారు; ఊరి దేవాలయపు గడప తొక్కనీయబడనివారు. తాము చూడరాని మండపపు స్తంభములే తమ గుడిలో నిలిచినవి. ఆ కుటుంబములలోని స్త్రీలు వంటకు బియ్యము తీయునప్పుడు పిడికెడు వేరుంచి దేవునికిచ్చెడివారు. అయితే గుడిలో చేరినంతమాత్రమున కులభేదము పోలేదు. మాలలు, మాదిగలు కలిసి కూర్చుండి భుజించుటకు సయితము మొదట వెనుదీసిరి. బిషప్పు జీవితకాలమంతయు ఆ గోడను త్రవ్వుచునే యుండెను. అది పూర్తిగా కూలినదని నేను వ్రాయజాలను.

అజరయ్య 1945 జనవరి 1న, గుడిపండుగ అయిదు దినములుండగా కన్నుమూసెను. ఆయన కోరి పాటుపడిన సంఘముల ఐక్యత 1947 సెప్టెంబరు 27న మద్రాసులో దక్షిణ ఇండియా సంఘముగా నెరవేరెను. డోర్నకల్ గుడి ఆ సంఘమునకు చెందినది.