స్నేహలతా రెడ్డి

స్నేహలతా రెడ్డి (1932 – 1977 జనవరి 20) రంగస్థల నటి, చలనచిత్ర నటి, రామమనోహర్ లోహియా భావములనుండి స్ఫూర్తి గొన్న సోషలిస్టు. అత్యవసర పరిస్థితి కాలమున బెంగుళూరు కేంద్ర కారాగారమున ఎనిమిది నెలలకు పైగా నిర్బంధింపబడి, పెరోలుపై విడుదలైన అయిదవ దినమున మరణించినది. ఆంధ్రదేశమున జన్మించి తెలుగు కవిని వివాహమాడినను, పేరు తెచ్చిన పాత్రను కన్నడమున ధరించుటచే కాబోలు, మన చలనచిత్ర చరిత్రలయందు ఆమె ప్రస్తావన అరుదు.

క్రైస్తవ కుటుంబమున పుట్టిన ఆమె, పరపాలనపై ఏవగింపుతో పాశ్చాత్య నామమును వీడి భారతీయ నామమును, భారతీయ వేషమును స్వీకరించెను. భర్త నెల్లూరి వాడైన తిక్కవరపు పట్టాభిరామిరెడ్డి. 1939లో ‘ఫిడేలు రాగాల డజన్’ ప్రకటించి ఛందస్సును పరిహసించిన పట్టాభియే ఈయన, ‘పెళ్ళినాటి ప్రమాణాలు’ (1958) నిర్మాతయు ఈయనయే. మద్రాసున స్నేహలత ‘మద్రాస్ ప్లేయర్స్’ అను ఔత్సాహిక నాటక సమాజ స్థాపకులలో నొకతెయై, ఇబ్సెన్, ఆర్థర్ మిల్లర్ మున్నగువారి నాటకములను ఆంగ్లమున ప్రదర్శించిన ఆ బృందమున నటిగాను దర్శకురాలిగాను పనిచేసెను.

యు.ఆర్. అనంతమూర్తి నవలను పట్టాభి ‘సంస్కార’ (1970) పేరిట చిత్రముగా తీసినపుడు చంద్రి పాత్ర ఆమెకు దక్కెను. ఆచారభ్రష్టుడైన నారణప్ప మరణించగా, శవదహన మెవరు చేయవలెనను శాస్త్రచర్చలో అగ్రహారమంతయు మునిగియుండ, అతని ప్రియురాలైన చంద్రి ఒక ముస్లిము సహాయమున ఆ పని రహస్యముగా ముగించివేయును. పండితులకు తోచని ధర్మము ఆమెకు తోచినదన్నమాట. నారణప్పగా పి. లంకేశ్, ప్రాణేశాచార్యులుగా గిరీష్ కర్నాడ్ నటించిరి. కులవైషమ్యములు రగులునను భీతితో మద్రాసు సెన్సారు అధికారులు మొదట చిత్రమును నిషేధించిరి. కేంద్రప్రభుత్వము ఆ నిషేధమును తొలగించిన పిదప, ఉత్తమ చలనచిత్రముగా జాతీయ పురస్కారమందిన తొలి కన్నడ చిత్రము అదియే ఐనది.

1975 జూన్ 25 రాత్రి అత్యవసర పరిస్థితి ప్రకటింపబడెను. దానిని నియంతృత్వమనుటకు సందేహించువారు నేటికిని కలరు. రాజ్యాంగము, న్యాయస్థానములు, శాసనసభలు నిలిచియే యుండెనని వారి వాదము. నిలిచియుండెను, నిజమే. కాని కారణము తెలుపనక్కరలేకుండ మనుష్యుని బంధించుటకు వీలుగా ఆంతరంగిక భద్రతా చట్టము (మీసా) సవరింపబడెను. 1976 ఏప్రిల్ 28న సర్వోన్నత న్యాయస్థానము, ఒక్క న్యాయమూర్తి హెచ్.ఆర్. ఖన్నా విభేదింపగా, అట్టి నిర్బంధితునకు తన నిర్బంధమును న్యాయస్థానమున ప్రశ్నించు హెబియస్ కార్పస్ కోరు దారియు మూసివేసెను. ఆ తీర్పు వెలువడిన నాలుగవ నాడు, అనగా మే 2న, స్నేహలతను నిర్బంధించిరి.

కారణము ఆమె నటన కాదు. నియంతృత్వములు కళాకారులను కళ మూలముననే వేధించుట కద్దు; నాజీ జర్మనీలో ప్రచారమంత్రి గోబెల్స్ శాఖవారు నటీనటుల పాత్రలనే కాదు, బ్రదుకులను సైతము శాసించిరి. ఇచ్చటను ప్రభుత్వోత్సవమున పాడ నిరాకరించిన కిశోర్ కుమార్ పాటలను ఆకాశవాణినుండి వెలివేసిరి. కాని స్నేహలత విషయమున కళ ప్రసక్తియే లేదు. అజ్ఞాతమున నున్న సోషలిస్టు నాయకుడు జార్జి ఫెర్నాండెజ్‌కు ఆమె మిత్రురాలు, అంతే. ముందునాడే ఆయన సోదరుడు లారెన్సును బెంగుళూరున పట్టి పోలీసులు చిత్రహింసల పాలుచేసిరి. రైలుమార్గములు, వంతెనలు పేల్చదలచిరని చెప్పబడిన బరోడా డైనమైట్ కుట్రలో స్నేహలతకును భాగమున్నదని మొదట ఆరోపించిరి. ఫెర్నాండెజ్‌ను, మరి ఇరువది నలుగురిని ముద్దాయిలుగా చూపిన అభియోగపత్రమున ఆమె పేరే లేదు. ఐనను మీసా ఉండగా అభియోగముతో పనియేమి?

ఆమె చిరకాల ఉబ్బసరోగి. ఒంటరి గదిలో, తగిన చికిత్స లేక వ్యాధి ముదిరినది; రాత్రివేళల ఆమె ఆర్తనాదములు తనకు వినవచ్చెడివని అదే కారాగారమున బందీగా నుండిన సోషలిస్టు నాయకుడు మధు దండవతే పిమ్మట వ్రాసెను. అట్టి దశయందును ఆమె తోటి స్త్రీఖైదీల దుఃస్థితిపై అధికారులతో పెనగులాడుచు, దినచర్య వ్రాయుచునే యుండెను. ఊపిరితిత్తులు పూర్తిగా దెబ్బతినిన తరువాత 1977 జనవరి 15న పెరోలిచ్చిరి. 18న ప్రధాని ఇందిరాగాంధి ఎన్నికలు ప్రకటించెను. 20న స్నేహలత మరణించెను. అప్పటికామెకు నలువదియైదేండ్లైనను దాటలేదు.

మార్చిలో జరిగిన ఆ ఎన్నికలలో ఫెర్నాండెజ్ చెరసాలనుండియే ముజఫర్‌పూర్ స్థానమున గెలిచెను. క్రొత్త ప్రభుత్వము డైనమైట్ కేసును ఉపసంహరించెను. ఆమె కారాగార దినచర్య ఆ సంవత్సరమే కర్ణాటక మానవహక్కుల సంఘము పక్షమున అచ్చైనది. పట్టాభి లంకేశ్ నాటకము నాధారముగా గొని ‘చండమారుత’ చిత్రము తీసి భార్యకు అంకితమిచ్చెను. కుమార్తె నందనా రెడ్డి తరువాతి కాలమున బెంగుళూరున బాలకార్మికుల హక్కులకై కృషి చేసెను.