మూకీల నాటి ప్రకాశ్

పోయిన నెల మా తెలుగు మాస్టారు క్లాసులో, "రఘుపతి వెంకయ్య అవార్డు పేరు ఎవరెవరు విన్నారు?" అని అడిగారు. దాదాపు అందరం చేతులెత్తాం. "మరి ఆయన కొడుకు పేరేమిటి?" అన్నారు. ఒక్క చెయ్యీ లేవలేదు. నాకు సిగ్గనిపించింది. వాళ్ళు స్టూడియో కట్టింది మన చెన్నైలోనే, పురసవాకంలో! అందుకే తెలుసుకుని ఈ వ్యాసం రాస్తున్నాను.

మచిలీపట్నంలో పుట్టిన వెంకయ్య గారు మద్రాసు వచ్చి మౌంట్ రోడ్డులో ఫోటో స్టూడియో పెట్టుకున్నారు. దాన్ని తాకట్టు పెట్టి సినిమా చూపించే యంత్రం కొన్నారు. ఊరూరా తిరిగి, బర్మా, సిలోన్ దాకా వెళ్ళి బొమ్మలు చూపించారు. 1914లో గెయిటీ థియేటరు కట్టారు. అయితే చూపించడం ఒక్కటే చాలదు, మనమే తీయాలి అనుకున్నారు. అందుకే కొడుకు ప్రకాశ్‌ను సినిమా తీయడం నేర్చుకోవడానికి లండన్ పంపారు.

ప్రకాశ్ తిరిగి వచ్చాక తండ్రీకొడుకులు 'స్టార్ ఆఫ్ ది ఈస్ట్' కంపెనీ పెట్టారు. అప్పట్లో సూర్యుడి వెలుగులోనే షూటింగు. అందుకని అద్దాల స్టూడియో కట్టారు. 1921లో ప్రకాశ్ 'భీష్మ ప్రతిజ్ఞ' తీశారు. భీష్ముడి వేషం కూడా ఆయనదే. గంగ వేషం వేసింది ఒక ఆంగ్లో ఇండియన్ యువతి. ఆ రోజుల్లో మన ఆడవాళ్ళు సినిమాల్లోకి రావడానికి జంకేవాళ్ళు.

ప్రకాశ్ దగ్గర పని నేర్చుకున్న సి. పుల్లయ్య గారు తర్వాత కాకినాడలో సినిమా తీశారు. మాటలొచ్చాక ప్రకాశ్ తమిళంలో 'అనాదై పెణ్' (1938), తెలుగులో 'బారిష్టర్ పార్వతీశం', 'చండిక' (1940) తీశారు.

మూకీకి మాటల్లేవు కాబట్టి తమిళుడూ, తెలుగువాడూ పక్కపక్కన కూర్చుని ఒకే బొమ్మ చూసేవారు. మధ్యలో వచ్చే అక్షరాల అట్టల్ని చదువొచ్చినవాళ్ళు రానివాళ్ళకి చదివి వినిపించేవారు. ఇంట్లో తెలుగు, వీధిలో తమిళం మాట్లాడే నాలాంటి వాళ్ళకి ఈ సంగతి చాలా దగ్గరగా అనిపిస్తుంది.

బాధేమిటంటే 'భీష్మ ప్రతిజ్ఞ'ను ఈరోజు మనం చూడలేం. ఆనాటి ఫిల్ము తొందరగా పాడైపోయేది, నిప్పు తగిలితే భగ్గుమనేది. కాపీలు దాచిపెట్టాలన్న ఆలోచన కూడా అప్పటివాళ్ళకి పెద్దగా లేదు. తండ్రి పేరు అవార్డులో నిలిచింది. కొడుకు తీసిన బొమ్మ పోయింది, దాంతో పేరూ మరుగున పడింది.

పోయిన సినిమాను మనం తిరిగి తేలేం. కానీ మాస్టారు మళ్ళీ ఆ రెండో ప్రశ్న అడిగితే మా క్లాసంతా చేతులెత్తాలి. మీ ఇంట్లో కూడా ఒకసారి అడిగి చూడండి.