మందుబిళ్ల, అర్ధరాత్రి తలుపు

మందుల షాపులో ఒకే రోగానికి నాలుగు కంపెనీల బిళ్లలు నాలుగు ధరల్లో దొరుకుతాయి. ఈ వెసులుబాటు ఎక్కడిదని ఆరా తీస్తూ పోతే మద్రాసు హైకోర్టు దగ్గర తేలతాం.

స్వాతంత్ర్యం వచ్చాక కూడా చాలా ఏళ్లు మనకు 1911 నాటి తెల్లదొరల పేటెంటు చట్టమే దిక్కు. దాన్ని మార్చమని లాహోరు హైకోర్టు మాజీ న్యాయమూర్తి బక్షీ టేక్‌చంద్ కమిటీ నివేదిక ఇచ్చింది గానీ, తర్వాత వచ్చిన బిల్లు మురిగిపోయింది. 1957లో ఆ పని మద్రాసు హైకోర్టు న్యాయమూర్తి ఎన్. రాజగోపాల అయ్యంగార్ చేతికొచ్చింది. రెండేళ్లకు ఆయన తేల్చింది ఇదీ: పేటెంట్లలో అధికభాగం విదేశీయులవి. వాటిలో చాలావాటితో ఇక్కడ సరుకు తయారే కాదు. మనకు మిగిలేది వాళ్లడిగిన ధర కట్టే భాగ్యం. అందుకని మందులకు, ఆహారానికి తయారీ పద్ధతి మీదే హక్కు ఇవ్వాలి, వస్తువు మీద వద్దన్నారు. అంటే హక్కు వంటకం మీద కాదు, వండే తీరు మీద. వేరే తీరులో వండుకునేవాణ్ణి ఎవరూ ఆపలేరు. 1970 చట్టం ఈ పునాది మీదే లేచి 1972 ఏప్రిల్ 20న అమల్లోకి వచ్చింది. హైదరాబాదు మందుల కంపెనీలు పెరిగింది ఆ నీడలోనే. 2005లో వస్తువు పేటెంటు తిరిగొచ్చింది. అయినా 2013లో నోవార్టిస్ కంపెనీ వారి గ్లివెక్ మందుకు పేటెంటు నిరాకరిస్తూ సుప్రీంకోర్టు మళ్లీ అయ్యంగార్ నివేదికనే తిరగేసింది.

ఇంత తెగువ చూపిన మనిషి పౌరహక్కుల దగ్గర సగం దారిలో ఆగిపోయారు. ఉత్తరప్రదేశ్‌కు చెందిన ఖరక్ సింగ్ మీద దోపిడీ కేసు సాక్ష్యం లేక వీగిపోయినా, పోలీసులు హిస్టరీ షీటు తెరిచి రాత్రిళ్లు వెళ్లి తలుపు తట్టేవారు. అప్పటికి సుప్రీంకోర్టుకు వెళ్లిన అయ్యంగార్ 1962లో మెజారిటీ తీర్పు రాస్తూ, ఆ తలుపు తట్టడాన్ని కొట్టేశారు. గోప్యత మాత్రం ప్రాథమిక హక్కు కాదన్నారు. మిగతా నిఘా అలాగే ఉండిపోయింది. విభేదించిన ఇద్దరిలో ఒకరు రాజమండ్రిలో పుట్టి, గుంటూరులో ఆంధ్ర హైకోర్టుకు తొలి ప్రధాన న్యాయమూర్తిగా చేసిన కోకా సుబ్బారావు. వెనకాలే పోలీసు నీడ ఉంటే మనిషికి స్వేచ్ఛ ఎక్కడిదన్నది ఆయన వాదం.

నా ఓటు సుబ్బారావుకే. 2017 ఆగస్టు 24న మరో కేసులో సుప్రీంకోర్టు తొమ్మిదిమంది న్యాయమూర్తులూ గోప్యత ప్రాథమిక హక్కేనంటూ ఆయన వైపే నిలిచారు. అప్పటికి ఆయన పోయి 41 ఏళ్లు. ఆ కేసు వేసిన కె.ఎస్. పుట్టస్వామి కర్ణాటక హైకోర్టు విశ్రాంత న్యాయమూర్తి.