ఎండను ఎన్నెల జేసినాయన

మాయాబజార్ సినిమాల పడవ పాట యాదికున్నదా బిడ్డా? అభిమన్యుడు శశిరేఖ పడవల పోతాంటె నీళ్లమీద ఎన్నెల తళతళ మెరుస్తది. గది ఎన్నెల గాదు. మద్రాసు పక్కన ఎన్నూరు కాడ పట్టపగలు కొంత తీసిండ్రు, కొంత స్టూడియోల లైట్లు పెట్టి తీసిండ్రు. గీ సంగతి ఎరుకైనంక నాకా పాట ఇంకింత ముద్దొచ్చింది.

గా పని జేసినాయన మార్కస్ బార్ట్‌లే. ఆంగ్లో ఇండియన్. 1917ల సిలోన్ల పుట్టిండు. బి.ఎన్. రెడ్డి తీసిన స్వర్గసీమ, 1945ది, దానికి కెమెరా పట్టిండు. అటెన్క విజయా కంపెనీ నాగిరెడ్డి, చక్రపాణి ఆయనను ఇడిసిపెట్టలే. పాతాళభైరవి ఆయనే, మిస్సమ్మ ఆయనే, గుండమ్మ కథ ఆయనే.

గా దినాలల్ల మన రఘునాథపల్లోళ్లం బండ్లు గట్టుకోని జనగామ డేరా సినిమాకు పోయేది. పోరగాన్నే గని బొమ్మ ఆడిచ్చే మిషను కాడ చిన్న చిన్న పనులు నాకు చెప్పేటోళ్లు. రెండు కార్బన్ కడ్డీలు ఎదురెదురుంగ పెడితె నడుమ తెల్లటి మంట లేస్తది, గా ఎలుగే తెర మీదికి పోతది. కడ్డీ కాలిపోతాంటె జరంత జరంత దగ్గరికి జరుపాలె. ఆలిశెం జేస్తె బొమ్మ పసుపుపచ్చగయి మసకబారేది. వేరే సినిమాకైతె జనం ఓర్సుకునేటోళ్లు. బార్ట్‌లే సినిమాకు కుదరదు. నలుపుకు, తెలుపుకు నడుమ ఆయన ఎన్ని బూడిద రంగులు పట్టిండో! మంట జర సన్నబడితె అవన్ని కలిసిపోయేటియి, ఎన్నెలే మాయమయ్యేది.

కెమెరా అద్దం ముందట ఎర్ర ఫిల్టర్ బిగిచ్చి, లోపలికి ఎలుగు తక్కువ రానిస్తె, నలుపు తెలుపు ఫిలిం మీద నీలి ఆకాశం నల్లబడతది. నీళ్లమీది ఎండ తళుకు మాత్రం తెల్లగనే నిలుస్తది. పగటిని రాత్రి జేసే కిటుకు గిదే, శానమంది కెమెరావాళ్లకు ఎరుకే. గని మొకాల మీద గంత మెత్తటి ఎలుగు ఎంతమందికి కుదిరింది? గప్పుడు కంప్యూటర్లు లేవు. తెర మీద మాయలు జూపిచ్చాలంటె ఫిలింల సగం కప్పి ఒకసారి తీసి, ఎనుకకు చుట్టి రెండో సగం తీసేటోళ్లు. యెంట్రుకంత తేడా వస్తె మళ్ల మొదటికే. దాని మీదికెల్లి మాయాబజార్ తెలుగుల, తమిళంల రెండు తీరుల తీసిండ్రు. తమిళంల అభిమన్యుడు జెమినీ గణేశన్. 1957ల సినిమా ఒస్తె, మనం రామారావును జూసినం, రంగారావును జూసినం, సావిత్రిని జూసినం. వాళ్లను మనకు జూపిచ్చినాయన పేరు అడిగినోడు లేడు.

రంగుల్ల గూడ ఆయన చెయ్యి తిరిగినోడే. మలయాళంల చెమ్మీన్, 1965ది, రాష్ట్రపతి బంగారు పతకం తెచ్చుకున్నది, దానికి కెమెరా ఆయనదే. శాంతినిలయం అనే తమిళ సినిమాకు జాతీయ అవార్డు ఆయనకే ఒచ్చింది. 1993ల కాలం జేసిండు.

2010ల మాయాబజార్‌కు రంగులేసి ఇడిసిండ్రు. మంచిదే, పిల్లలు జూసిండ్రు. నాకైతె మనసొప్పలే. ఆయన కష్టపడి కట్టిన ఎన్నెల ఆ నలుపు తెలుపులనే ఉన్నది. నీ ఫోన్ల పెట్టుకుంటె పాతదే పెట్టుకో బిడ్డా, లైటు ఆర్పుకోని జూడు.